క్లియర్ ప్రింట్ వచ్చిందా?

(ఇంటర్, ఇంజనీరింగ్ విద్యార్థులు, వారి తల్లిదండ్రుల ముందు చేసిన ప్రసంగం. రాలేకపోయినవారి కోసం రికార్డింగ్ విని ఎత్తి రాసింది.)

అందరికీ నమస్కారం. వెనకాల కూర్చున్నవాళ్ళకు వినిపిస్తోందా? వినిపించకపోతే చెయ్యెత్తండి. సరే, మొదలుపెడదాం.

సినిమా రిలీజైన రోజు సాయంత్రానికల్లా మన ఊళ్ళలో ఒక మాట వినపడుతుంది. "ప్రింట్ వచ్చిందా?" అని. నాలుగు రోజులు పోయాక, "క్లియర్ ప్రింట్ వచ్చిందా?" అని. విన్నారా లేదా? అందరూ విన్నవాళ్ళే. ఆ ఒక్క మాటలో రెండు సంగతులున్నాయి. మూడు గంటల సినిమాను ఫోన్లో పట్టేంతగా కుదించే విద్య ఒకటి, అది కంప్రెషన్. ఇంకొకళ్ళ కష్టాన్ని అడక్కుండా తెచ్చేసుకోవడం రెండోది, అది పైరసీ. ఇవాళ మన పిల్లల చదువులు, ఉద్యోగాలు, పైకి రావాలన్న ఆరాటం, అన్నీ ఈ రెండు దారుల్లోనే నడుస్తున్నాయని నేను అనుకుంటున్నాను. ఊరికే పోలిక కోసం అనడం లేదు. లోపల పని ఎలా జరుగుతుందో ముందు చూపిస్తాను. పని అర్థమైతే పోలిక మీకే కనిపిస్తుంది.

సీడీతో మొదలుపెడదాం. సీడీలో సెకనుకు 44,100 సార్లు శబ్దాన్ని కొలిచి రాస్తారు. ఒక్కో కొలతకు 16 బిట్లు. బిట్ అంటే ఒక సున్నా గానీ ఒకటి గానీ, అంతే. ఎడమ, కుడి రెండు చానళ్ళు. లెక్క వేస్తే సెకనుకు 14 లక్షల 11 వేల బిట్లు. అయిదు నిమిషాల పాటకు దగ్గరదగ్గర 53 ఎంబీ. ఫోన్ లైనుకు మోడెం తగిలించుకున్న రోజుల్లో, లైను పూర్తి వేగంతో నడిచినా, ఆ పాట దిగడానికి రెండు గంటల పైన పట్టేది. అదే పాటను 128 కేబీపీఎస్, అంటే సెకనుకు లక్షా 28 వేల బిట్ల ఎమ్‌పీ3 చేస్తే 4.8 ఎంబీ. పదకొండున్నర నిమిషాల్లో వచ్చేస్తుంది. అంటే పదకొండు వంతుల్లో ఒక వంతు ఉంచి పది వంతులు తీసేశారు. తీసేసినా పాట పాటలాగే వినిపిస్తోంది! మరి ఏం తీశారు?

మన పెళ్ళిళ్ళలో తాళి కట్టేటప్పుడు గట్టిమేళం వాయిస్తారు కదా, ఎందుకు? ఆ క్షణంలో ఎవరైనా తుమ్మినా, అనకూడని మాట ఒకటి ఎవరి నోటన్నా దొర్లినా వినపడకూడదని. తుమ్ము జరగలేదా? జరిగింది. డోలు దెబ్బ కింద చెవికి అందలేదు, అంతే. ఎమ్‌పీ3 మొత్తం ఈ గట్టిమేళం సూత్రం మీదే నిలబడింది. జర్మనీలో ఎర్లాంగెన్ ఊరి ఫ్రాన్‌హోఫర్ సంస్థలో కార్ల్‌హైంజ్ బ్రాండెన్‌బర్గ్, ఆయనతో పనిచేసినవాళ్ళు, మనిషి చెవి దేని కింద దేన్ని వినలేదో ఏళ్ళ తరబడి కొలిచారు. ఒక పెద్ద శబ్దం ఉంటే దాని పక్క స్థాయిల్లోని చిన్న శబ్దాలు చెవికి అందవు. పెద్ద శబ్దం ఆగిపోయాక కూడా సెకనులో పదో వంతు దాకా చెవి తేరుకోదు. 1993లో వచ్చిన ప్రమాణంలో ఈ లెక్కంతా ఉంది. ఆ ఫైలుకు ఎమ్‌పీ3 అన్న తోక 1995లో పెట్టారు.

ఇంకా దగ్గరికెళ్ళి చూద్దాం. ఎన్‌కోడర్, అంటే కుదించే సాఫ్ట్‌వేర్, పాటను ముక్కలు కోస్తుంది. ఒక్కో ముక్కకు 1,152 కొలతలు, అంటే సెకనులో 26 వేల వంతులు... క్షమించాలి, 26 మిల్లీసెకన్లు. సీడీలో ఆ ముక్కకు 36,864 బిట్లు ఖర్చయ్యాయి. 128 కేబీపీఎస్‌లో దానికి దక్కేది సుమారు 3,344 బిట్లు. ఇంట్లో నెల జీతం లాంటిది, అంతే, అందులోనే సర్దుకోవాలి. అప్పుడు ఎన్‌కోడర్ వినేవాడి చెవిని ఊహించుకుంటుంది. ఏది తప్పకుండా వినిపిస్తుందో దానికి ఎక్కువ బిట్లు, ఏది వినపడీ పడనట్టు ఉంటుందో దానికి తక్కువ, వినపడనే పడదు అనుకున్నదానికి సున్నా. పాట ఎంత బావుంది, రాగం ఏమిటి అన్నది దానికి అక్కర్లేదు. వినేవాడు పట్టుకుంటాడా లేదా, అది ఒక్కటే ప్రశ్న.

ఇప్పుడు చెప్పండి, ఈ ప్రశ్న మీరు ఇంకెక్కడైనా విన్నారా? "సార్, ఇది ఎగ్జామ్‌లో వస్తుందా?"

మన భాషలో ఒక మాట ఉంది, బిట్. కంప్యూటర్ బిట్ సంగతి కాదు. పదో తరగతి బిట్ పేపర్, ఎంసెట్ బిట్ బ్యాంక్. ఇప్పుడు దాన్ని ఈఏపీసెట్ అంటున్నారు. ఇంజనీరింగ్ పేపర్లో 160 బిట్లు. లెక్కలు 80, ఫిజిక్స్ 40, కెమిస్ట్రీ 40. టైము 180 నిమిషాలు. ఒక్కో బిట్‌కు 67 సెకన్లు. రెండేళ్ళ ఇంటర్ చదువు మొత్తం ఆ 67 సెకన్ల ముక్కల్లోకి దూరాలి. అప్పుడు ఏం చేస్తారు? వెయిటేజీ చూస్తారు. ఏ చాప్టర్ నుంచి ఎన్ని బిట్లు, ఏది ప్రతి ఏడూ వస్తుంది, ఏది రాదు. రానిదాన్ని వదిలేస్తారు. డెరివేషన్ పోతుంది, ల్యాబ్ పోతుంది, "ఎందుకు" అన్నది పోతుంది, షార్ట్‌కట్ మిగులుతుంది. ఎన్‌కోడర్ వినేవాడి చెవిని ఊహించుకున్నట్టే, పిల్లవాడు పేపర్ పెట్టేవాడి కన్నును ఊహించుకుంటున్నాడు.

ఇది తప్పని నేను అనడం లేదు. దయచేసి అలా తీసుకోకండి. కుదించకపోతే ఏదీ ప్రయాణం చెయ్యదు. లక్షల మంది రాసే పరీక్షకు ఏదో ఒక కొలబద్ద ఉండాలి. కొండ అద్దంలో కొంచెంగా కనిపించినంత మాత్రాన కొండ తరిగిపోదు. అద్దం తెచ్చుకున్నాం కదా అని కొండను పేల్చేస్తేనే వస్తుంది చిక్కు. అక్కడికి వస్తాను.

ముందు, తీసేసిన చోట ఏం చెడుతుందో చూద్దాం. నిశ్శబ్దం, వెంటనే మృదంగం మీద ఒక్క దెబ్బ. ఎన్‌కోడర్ ముక్కలు ముక్కలుగా పనిచేస్తుంది అన్నాను కదా. తగ్గించి రాయడం వల్ల పుట్టిన రొద ముక్క అంతటా పరుచుకుంటుంది. దెబ్బ ముక్క చివర్లో ఉంటే రొద దెబ్బకు ముందే, నిశ్శబ్దంలో వినపడుతుంది. "ధిం" అనాల్సింది "హ్‌ష్‌ధిం" అంటుంది. దీన్ని ప్రీ ఎకో అంటారు. దీన్ని పట్టుకోవడానికి వాళ్ళు కాస్టనెట్స్ వాడేవారు. స్పెయిన్‌వాళ్ళ చెక్క తాళాలు. మన హరిదాసు చిడతలకు చుట్టాలనుకోండి. మందు కూడా కనిపెట్టారు. 1,152 ముక్కను లోపల 576 చొప్పున రెండు సగాలుగా చూస్తారు. అలాంటి చోట 576 పొడుగు సగం మానేసి, దాన్ని 192 చొప్పున మూడు పొట్టి ముక్కలు చేస్తారు. రొద దెబ్బను అంటిపెట్టుకుని ఉంటుంది, దెబ్బ దాన్ని కప్పేస్తుంది. కానీ పొట్టి ముక్కలకు బిట్లు ఎక్కువ కావాలి. బిట్లు లేకపోతే మళ్ళీ మొదటికే. ఇంకొకటి, తంబూర. దాని ఝుంకారం అంతా పైస్థాయి నాదాల్లో ఉంటుంది. 64 కేబీపీఎస్‌లో వినండి, తంబూరను నీళ్ళ తొట్టెలో ముంచి మీటినట్టుంటుంది.

ఇలాంటి దెబ్బ చదువులో ఎక్కడ తగులుతుంది? ఒక్క ఉదాహరణ చెప్తాను, ఎంపీసీవాళ్ళు జాగ్రత్తగా వినండి. ట్రిగనోమెట్రీలో ట్రాన్స్‌ఫర్మేషన్స్ ఉన్నాయి కదా? 2 కాస్ ఎ కాస్ బి ఈక్వల్ టు ఏమిటి? చెప్పండి... అవును, కాస్ ఎ ప్లస్ బి, ప్లస్ కాస్ ఎ మైనస్ బి. అందరికీ నోటికొచ్చు. ఎలా వచ్చింది? (గొంతులు తగ్గాయి.) రెండు కాంపౌండ్ యాంగిల్ ఫార్ములాలు కూడితే సైన్ భాగాలు కొట్టుకుపోతాయి, అదే మిగులుతుంది. అర నిమిషం పని. పరీక్షలో అది మహా అయితే ఒక మార్కు.

మీ ఫోన్లో ప్రతి జేపెగ్ ఫొటో ఆ ఒక్క మార్కు మీద నిలబడి ఉంది. ఫొటోను 8 అడ్డం 8 నిలువు, 64 చుక్కల గళ్ళుగా కోస్తారు. ఒక్కో గడిని 64 కొసైన్ అలల మొత్తంగా రాస్తారు. ఈ అలల్లో ఏ రెండిటిని గుణించి కూడినా సున్నా రావాలి, అప్పుడే ఒకదాని లెక్క ఇంకోదానిలో కలవదు. సున్నా వస్తుందని నిరూపించేది ఏమిటి? మీరిప్పుడు చెప్పిన ఫార్ములానే. ఆ తర్వాత ఒక్కో అల బలాన్ని ఒక పట్టికలోని అంకెతో భాగించి, దగ్గరి పూర్ణాంకానికి రౌండ్ చేస్తారు. ప్రమాణంతో పాటు ఇచ్చిన పట్టికలో మొదటి గడిలో 16, చిట్టచివరి మూలలో 99. సన్నటి వివరం 99తో భాగిస్తే చాలావరకు సున్నాయే. ఆ సున్నాలే మీకు మిగిలే జాగా.

ఈ లెక్కను డిస్క్రీట్ కొసైన్ ట్రాన్స్‌ఫార్మ్ అంటారు. 1974 జనవరిలో వచ్చింది, నాలుగు పేజీల పేపర్. రాసినవాళ్ళు ముగ్గురు, ముగ్గురివీ మన వైపు పేర్లే. బెంగళూరులో పుట్టిన నసీర్ అహ్మద్, టి. నటరాజన్, కె. ఆర్. రావు. ఆ కె. ఆర్. రావు పూర్తి పేరు కామిశెట్టి రామమోహనరావు. ఆర్లింగ్టన్‌లోని టెక్సాస్ యూనివర్సిటీలో ప్రొఫెసర్‌గా చేశారు, 2021లో కాలం చేశారు. మనలో ఎంతమందికి ఆ పేరు తెలుసు? ఇంకో సంగతి. ఈ ఆలోచనకు డబ్బు కావాలని అహ్మద్ 1972లో అమెరికా నేషనల్ సైన్స్ ఫౌండేషన్‌కు దరఖాస్తు పెడితే ఇవ్వలేదు. మరీ తేలిగ్గా ఉందని ఒక పరిశీలకుడు అన్నారట. వెయిటేజీ చూసి వదిలేసే బాపతే కదా అది! జేపెగ్, సీడీల మీద వచ్చిన సినిమాలు, డీవీడీలు, అన్నీ ఆ తేలిక ఆలోచన మీదే నడిచాయి. ఎమ్‌పీ3లో ఉన్నదీ దాని తోబుట్టువే.

సరే, ఇప్పుడు 320 సంగతి. పాటలు దింపుకునేచోట "128", "320" అని ఉంటాయి. 320 మంచిదని అందరికీ తెలుసు. అందుకని కొందరు ఏం చేస్తారు? 128 ఫైలు తీసుకుని, దాన్ని మళ్ళీ 320గా మార్చి పెడతారు. సైజు రెండున్నర రెట్లు పెరుగుతుంది, పేరు పక్కన 320 అని పడుతుంది. శబ్దం? పోయింది రాదు. రాకపోగా, రెండోసారి కుదించినప్పుడు ఇంకాస్త పోతుంది. దీన్ని పట్టుకోవడం చాలా తేలిక. అడాసిటీ అని ఉచితంగా దొరికే సాఫ్ట్‌వేర్ ఉంది. పాట తెరిచి, ట్రాక్ పేరు పక్క మెనూలో స్పెక్ట్రోగ్రామ్ ఎంచుకోండి. ఏ స్థాయిలో ఎంత శబ్దముందో రంగుల్లో చూపిస్తుంది, కింద మంద్రం, పైన తారం. నిజమైన 320లో రంగులు 20 కిలోహెర్ట్జ్ దాకా పాకుతాయి. దొంగ 320లో 16, 17 కిలోహెర్ట్జ్ దగ్గర కత్తితో కోసినట్టు గీత, పైన అంతా నలుపు. 128 చేసినప్పుడే ఎన్‌కోడర్ పైభాగం కోసి పారేసింది, ఆ కోత ఎన్ని పేర్లు మార్చినా పోదు. పాత మోనో రికార్డింగ్ అయితే మాత్రం అసలులోనే పైస్థాయి ఉండదు. దాన్ని చూసి తొందరపడి దొంగ అనకండి.

రెండేళ్ళ అనుభవాన్ని ఆరేళ్ళుగా రాసిన రెజ్యూమె ఈ దొంగ 320యే. "ఫేక్ ఎక్స్‌పీరియన్స్ పెట్టుకున్నాడు" అని ఎంత మామూలుగా అనేస్తున్నాం! పెట్టుకోవడమేమిటి? ఇంటర్వ్యూ చేసేవాడు పెద్దగా కష్టపడక్కర్లేదు. ఒక మెట్టు పైకెళ్ళి అడుగుతాడు. ప్రొడక్షన్‌లో డేటాబేస్ ఆగిపోతే మొదట ఏ లాగ్ చూశారు, ఎవరికి ఫోన్ చేశారు? అంతే. 16 కిలోహెర్ట్జ్ దగ్గర గీత కనపడిపోతుంది. ఆ పిల్లవాడు తెలివితక్కువవాడా? కాదు. రెండేళ్ళ పని రెండేళ్ళ పనిగానే చెప్పుకుంటే నిలబడేవాడు. నాకు కోపం లేదు, బాధ ఉంది.

ఇక పైరసీ. వీసీడీ గుర్తుందా పెద్దవాళ్ళకు? 1993లో వచ్చిన ప్రమాణం. అడ్డం 352, నిలువు 288 చుక్కలు, బొమ్మకు సెకనుకు 1,150 కిలోబిట్లు. ఒక సీడీలో 74 నుంచి 80 నిమిషాలు. అందుకే మన రెండున్నర గంటల సినిమాకు రెండు సీడీలు. పాటలో పూలవాన కురిసిందంటే తెరంతా గళ్ళు గళ్ళయ్యేది. ఎందుకు? వీడియో కుదించేవాడు ప్రతి ఫ్రేమునూ పూర్తిగా రాయడు. "ఈ గడి కిందటి ఫ్రేములో ఇక్కడుండేది, ఇప్పుడు ఇటు జరిగింది" అని జరుగుబాటు రాస్తాడు. కెమెరా పక్కకు తిరిగితే అన్నీ ఒకేవైపు జరుగుతాయి, రాయడం తేలిక. పూలరేకులు? ఒక్కోటి ఒక్కోవైపు. ఎవరి దారి వాళ్ళది అయితే కుదించడానికి కుదరదు. అందరూ ఒకే దిక్కుకు నడిస్తే కుదింపు సులువు. మన ఊళ్ళలో పిల్లలందరూ ఒకే బ్రాంచిలో చేరడం చూసినప్పుడల్లా నాకు ఈ పూలరేకులు గుర్తొస్తాయి.

థియేటర్ ప్రింట్ తీసేవాడికి తెలియనిదొకటి ఉంది. డిజిటల్ థియేటర్లలో తెర మీద పడే బొమ్మలో కంటికి ఆనని గుర్తు కలిసి ఉంటుంది, దాన్ని వాటర్‌మార్క్ అంటారు. హాలీవుడ్ స్టూడియోలు కలిసి రాసుకున్న డిజిటల్ సినిమా నిబంధనల ప్రకారం అది 35 బిట్లు. 16 బిట్లలో తేదీ, టైము, పావుగంట తేడాలో. 19 బిట్లలో ఏ ప్రొజెక్టర్ దగ్గర ఉన్న సర్వరు అన్నది. ప్రతి అయిదు నిమిషాల సినిమాలో ఆ 35 బిట్లూ మొత్తం ఉండాలి. కెమెరాతో తీసి, సైజు తగ్గించి, మళ్ళీ తగ్గించినా అది బతికేలా తయారుచేస్తారు. దొరికిన కాపీ చూసి ఏ హాల్లో, ఏ ఆటలో తీశారో చెప్పొచ్చు. 2023లో సినిమాటోగ్రాఫ్ చట్టం సవరించారు. హాల్లో రికార్డు చేస్తే మూడు నెలలకు తగ్గకుండా మూడేళ్ళ దాకా జైలు, జరిమానా మూడు లక్షలకు తగ్గదు.

అరువు తెచ్చుకున్న పనిలో కూడా ఈ వాటర్‌మార్క్ ఉంటుంది. ఫైనలియర్ ప్రాజెక్టులు అమీర్‌పేటలో కొనుక్కొచ్చేవాళ్ళున్నారు. ఫేస్ రికగ్నిషన్ అటెండెన్స్ సిస్టమ్ అనుకుందాం, ఎన్ని బ్యాచ్‌లు చేశాయో దాన్ని! పైథాన్‌లో ఒక లైబ్రరీ ముఖాన్ని 128 అంకెలుగా మారుస్తుంది. రెండు ముఖాల అంకెల మధ్య దూరం 0.6 లోపు ఉంటే ఒకే మనిషి అంటుంది. ఆ 0.6 లైబ్రరీ రాసినవాడు పెట్టి ఇచ్చినది. వైవాలో ఎక్స్‌టర్నల్ అడిగే మొదటి ప్రశ్న, "0.6 ఎందుకు పెట్టావమ్మా?" చేసినవాడైతే చెప్తాడు. మా క్లాసులో అన్నదమ్ములిద్దరు కలిసిపోతున్నారు సార్, 0.5కు తగ్గించాం, అప్పుడు గడ్డం పెంచినవాళ్ళను గుర్తుపట్టడం మానేసింది, అందుకని ఒక్కొక్కరివి అయిదు ఫొటోలు తీసుకున్నాం అని. కొన్నవాడి దగ్గర 0.6 మాత్రమే ఉంటుంది.

ఇక్కడ ఒక మాట ఖచ్చితంగా చెప్పాలి. కాపీ చేసినవాళ్ళందరినీ ఒకే గాటన కట్టకూడదు. కొనలేని పుస్తకంలో నాలుగు చాప్టర్లు జిరాక్స్ తీయించుకుని చదువుకున్న పిల్లాడు, అదే జిరాక్స్ మీద తన పేరు వేసుకున్నవాడు ఒకటి కాదు. 2016లో ఢిల్లీ హైకోర్టు, యూనివర్సిటీలో పాఠం కోసం పుస్తకాల భాగాలు జిరాక్స్ తీసి ఇవ్వడం కాపీరైట్ ఉల్లంఘన కాదని చెప్పింది. చదువుకోవడానికి తీసుకున్నవాడు దాన్ని తనలో విప్పుకుంటాడు. విప్పుకున్నాక అది అతనిదే.

అమ్మా, మీరేదో అడుగుతున్నారు... మైకు ఇవ్వండి... వాళ్ళ నాన్నగారి హరికథ కేసెట్లున్నాయట, ఎమ్‌పీ3 చేయించమంటారా అని. చాలా మంచి ప్రశ్న, నేను కొండ, అద్దం అని దాటేసిన చోటికే తెచ్చారు. చేయించండి, కానీ ముందు ఎమ్‌పీ3 కాదు. మొట్టమొదట కేసెట్ వెనకవైపు అంచున రెండు చిన్న ప్లాస్టిక్ పలుకులుంటాయి, వాటిని విరిచేయండి. పొరపాటున రికార్డు బటన్ నొక్కినా చెరిగిపోదు. ఒకసారి ఈ చివరి నుంచి ఆ చివరి దాకా చుట్టి వెనక్కి తేండి, బిగుసుకున్న టేపు వదులవుతుంది. కేసెట్ డెక్‌లో టేపును చదివే హెడ్‌ను ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లో ముంచిన దూది పుల్లతో తుడవండి. డెక్‌లో లైన్ అవుట్ నుంచి కంప్యూటర్ లైన్ ఇన్‌కు తీగ వేయండి. మైకు రంధ్రంలో పెడితే గొంతు పగిలిపోతుంది. స్థాయి మైనస్ 12, మైనస్ 6 డెసిబెల్స్ మధ్య ఆడాలి, సున్నాను ముట్టకూడదు. 48 కిలోహెర్ట్జ్, 24 బిట్, వేవ్ ఫైలుగా, అంటే ఏమీ కుదించకుండా రికార్డు చేయండి. 90 నిమిషాల కేసెట్‌కు ఒకటిన్నర జీబీ అవుతుంది, భయపడకండి. జాగా కావాలంటే ఫ్లాక్ చేయండి. అది జిప్ లాంటిది, కుదిస్తుంది కానీ ఒక్క బిట్ కూడా పారేయదు. బుస్‌మన్న చప్పుడుందని శుభ్రం చేయించకండి, అసలును అలాగే ఉంచి రెండు డిస్కుల్లో, రెండు ఇళ్ళల్లో దాచండి. అప్పుడు బంధువులకు పంపడానికి ఎన్ని ఎమ్‌పీ3లైనా చేసుకోండి. 192 కంటే కిందికి దించకండి, ఎందుకంటే మీ నాన్నగారి చేతిలో చిడతలున్నాయి. చేశాక ఒక్కచోట చెవి పెట్టి వినండి. పద్యం ఆపి, ఊపిరి తీసుకుని, మళ్ళీ చిడత కొట్టేచోట. దెబ్బకు ముందు "ష్" అని వినపడితే ఆ ఎమ్‌పీ3 తీసేసి, వేవ్ ఫైలు నుంచి 256లో మళ్ళీ చేయండి.